నీళ్లకు తొవ్వ

మా ఊరి ఆడవాళ్లు గోదావరికి పోయేది రెండు పనులకే. పుష్కరాలప్పుడు మునగడానికి, లేదంటే పోయినవాళ్ల బూడిద కలపడానికి. నేను మాత్రం వ్యవసాయం నేర్చుకోవడానికి పోయాను. అదీ మాకు దగ్గరున్న ధర్మపురి రేవుకు కాదు. ఒక పగలూ ఒక రాత్రీ బస్సులో కూర్చుంటే వచ్చే కోనసీమకు, గోదావరి పాయలుగా చీలి సముద్రంలో కలిసే చోటికి. ఎనభై నాలుగులో, శివరాత్రి దాటిన వారానికి. ఈ మాట చెబితే మా చుట్టాల్లో సగం మంది ఇప్పటికీ నమ్మరు. నమ్మకపోతే వాళ్ల ఖర్మ.

మా రెండెకరాలు అప్పటికి చావుబతుకుల్లో ఉన్నాయి. పోచంపాడు కాలువ మా ఊరి మీదుగా వచ్చిన ఏడాది మేం కొబ్బరికాయలు కొట్టి, ఆ నీళ్లు నెత్తిన చల్లుకున్నాం. మూడేళ్లు తిరిగేసరికి ఆ నీళ్లే కింది నుంచి ఉబికి పొలం జాలు పట్టింది, అంటే ఎప్పటికీ ఆరని చిత్తడి అయింది. ఎద్దులు దిగితే పొట్ట దాకా దిగబడేవి. నాటు వేస్తే పది రోజుల్లో పసుపు తిరిగి, వేళ్లు కుళ్లి, చేత్తో పట్టుకుంటే ఊడి వచ్చేది. వరుసగా రెండు పంటలు అట్లా పోయాయి.

నా పెనిమిటి ఆగయ్య దుబాయిలో మేస్త్రీ పనికి పోయి అప్పటికి నాలుగేళ్లు. చలికాలంలో ఆయన దగ్గర్నుంచి ఉత్తరం వచ్చింది. వచ్చే వానకాలం కూడా పండకపోతే పొలం అమ్మేద్దాం, మెట్‌పల్లిలో ఒకాయన ఇటుకబట్టీకి అడుగుతున్నాడు, కోరుట్లలో కిరాయికి ఇల్లు చూసుకుని నువ్వూ అమ్మా అక్కడికి పోండి, బీడీలు చేసుకుంటే మీ బతుకు మీకు ఎల్లిపోతుంది అని రాశాడు. నాకు బీడీలు చుట్టడం రాక కాదు. పదిహేనో ఏట ఆ ఇంట్లో అడుగుపెట్టిన నాడు మా అత్త నాగవ్వ నా చేతికి ఇంటి తాళంచెవి ఇవ్వలేదు, నారుకట్ట ఇచ్చింది. ఆ పొలంలో నిలబడ్డప్పుడే నేను ఈ ఇంటి మనిషిని. కోరుట్ల కిరాయి ఇంట్లో నేనెవరిని? ఏడో తరగతి దాకా చదివినదాన్ని, ఉత్తరానికి జవాబు రాయగలను. కానీ ఏమని రాయాలో తెలియక కాగితం ముందు పెట్టుకుని చాలాసార్లు ఊరికే కూర్చున్నాను.

జాలుకు మేం చేసిన వైద్యం చెబితే నవ్వుతారు. ఒడ్లు ఇంకా ఎత్తు చేశాం. మడవలు, అంటే మడిలోంచి నీళ్లు బయటికి పోయే సందులు, మట్టి మీద మట్టి వేసి గట్టిగా మూశాం. బొక్కెడు నీళ్ల కోసం బావి దగ్గర అన్నదమ్ములు తలలు పగలగొట్టుకున్న నేల మాది. వచ్చిన నీళ్లను పోనిచ్చేవాణ్ణి మా ఊళ్లో పిచ్చోడంటారు. అందుకని నీళ్లు ఎక్కువై చస్తున్న పొలంలో కూడా నీళ్లను దాచుకున్నాం.

అటువంటప్పుడు జగిత్యాల నుంచి వ్యవసాయ ఆఫీసరు జీపులో వచ్చాడు. కాలువ కింది రైతులను నలభై మందిని కోనసీమకు తీసుకుపోయి, అక్కడివాళ్లు నీళ్లతో ఎట్లా వేగుతున్నారో చూపిస్తామన్నాడు. సర్కారు బస్సు, సర్కారు అన్నం, ఆడవాళ్లు కూడా రావచ్చు. ఆ రోజుల్లో జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలంటే సర్కారు కాగితాల్లో కల్లోలిత ప్రాంతం. పది మంది కలిసి ఎక్కడికన్నా పోతే ఇటు పోలీసులకూ చెప్పాలి, అటు రైతుకూలీ సంఘానికీ చెప్పాలి. మాకు ఆ కష్టం లేకుండా సంఘం పెద్ద మొండయ్యే ముందుగా తన పేరు రాయించాడు.

"సర్కారు బస్సుల నువ్వెట్ల వస్తవు మొండన్నా?" అన్నాను.

"సర్కారు మనకు ఏం జూపెడ్తదో సూడద్దా సత్యవ్వా? నాకు కొన్నొద్దులు జైలు జూపెట్టింది. గిది గూడ సూత్త," అన్నాడు.

మా అత్త రెండు రోజులు మూతి ముడుచుకుంది. మూడో రోజు తనే జొన్నరొట్టెలు మూట కట్టింది. "పోతే పో. ఒక్క మాట యాదికుంచుకో. పరాయోళ్ల పొలం ఒడ్డు మీదికి చెప్పులతోని ఎక్కకు. మన ఇంటి ఇజ్జత్ పోతది."

బస్సు కదిలే ముందు నలభయ్యో మనిషి ఎక్కితే అందరం నోళ్లు తెరిచాం. పురుషోత్తం రావు, మా ఊరి దొర. ఆరేళ్ల కింద సంఘం కట్టిన కొత్తలో ఆయన పొలంలో ఎవరూ నాగలి కట్టొద్దని, ఆయన బట్టలు ఎవరూ ఉతకొద్దని ఊరు తీర్మానం చేసింది. ఆయన జగిత్యాలలో ఇల్లు తీసుకుని వెళ్లిపోయాడు. సరిగ్గా మా రెండెకరాల కింద ఉన్న ఆయన ముప్పై ఎకరాలూ బీడు పడి, ఒడ్ల మీద ఎర్రజెండాలు, మడుల్లో మనిషెత్తు తుంగతో ఉన్నాయి. భూమి పోయినట్టూ కాదు, ఉన్నట్టూ కాదు. ఆ పొలానికీ జాలే.

ఆయన ముందు సీట్లో కూర్చున్నాడు. బస్సంతా నిండినా ఆయన పక్క సీటు ఖాళీగానే ఉంది. వెనక ముగ్గురు కూర్చునే చోట నలుగురు ఇరుక్కున్నారు గాని అక్కడికి ఎవరూ పోలేదు. ఇంకో చిక్కు కూడా ఉంది. వెనుకట ఆయన్ను 'నీ బాంచెన్ దొరా' అనేవాళ్లం. సంఘం వచ్చాక ఆ మాటను నోట్లోంచి తీసేశాం. దాని బదులు ఏమనాలో మాత్రం ఎవరూ చెప్పలేదు. అందుకని వరంగల్లు, ఖమ్మం దాటి రాజమండ్రి చేరేదాకా ఆయన్ను ఎవరూ ఏమీ పిలవలేదు. చాయ్ దగ్గర కూడా గ్లాసు ఆయన ముందు పెట్టి, మాట లేకుండా వెనక్కి వచ్చారు.

మరునాడు పొద్దున ధవళేశ్వరం ఆనకట్ట మీద మమ్మల్ని దింపారు. ఆ నీళ్లను చూసి నేను కాసేపు అక్కడే నిలబడిపోయాను. మా వెల్గటూర్ దగ్గర ఎండాకాలం నడిచి దాటే గోదావరేనా ఇది? అక్కడి నుంచి మమ్మల్ని కోనసీమకు తీసుకుపోయి తన ఊరంతా తిప్పి చూపడానికి ఒక రైతు ఎదురొచ్చాడు. పేరు సత్తిరాజు. అరవై దాటిన మనిషి, మోకాళ్ల పైకి పంచె, నోరు తెరిస్తే నవ్వే.

"ఆయ్, రండి రండి! ఎగువోళ్లు కదండీ మీరు. మీ ఎంగిలి నీళ్లేనండి మేం తాగేది," అన్నాడు.

"మేం తాగనే లేదు సారూ. మాది సూసుడే," అన్నాడు మొండయ్య.

సత్తిరాజు నవ్వు ఒక్క క్షణం ఆగింది. తరవాత మొండయ్య భుజం మీద చెయ్యి వేసి, "పదండి, ఇవాళ కడుపునిండా చూద్దురు గాని," అన్నాడు. ఆ మనిషి నాకు అప్పుడే నచ్చాడు.

ఊరి బయట ఒక గట్టు మీద నడిపించాడు. నేను చెప్పులు విప్పి చేత పట్టుకున్నాను. నన్ను చూసి మా వాళ్లందరూ విప్పారు, దొర కూడా. గట్టుకు ఒక పక్క కాలువ, ఇంకో పక్క ఇంకా లోతుగా మరో కాలువ. రెండూ నిండుగా ఉన్నాయి. ఎంత అదృష్టవంతులు, రెండు కాలువలు వచ్చాయి వీళ్లకు అనుకున్నాం.

"కాదండి. ఇది వచ్చేదండి, అది పోయేదండి," అన్నాడు సత్తిరాజు. "దాన్ని మేం మురుగు కాలవంటామండి."

నాకు ఆగబుద్ధి కాలేదు. "అయ్యా, మాకు ఒక్క కాలువకే పొలం జాలు పట్టింది. గిన్ని నీళ్లల్ల మీ భూమి ఎట్ల బతికింది?" అని అడిగాను.

 పక్కనే పొట్టకొచ్చిన దాళ్వా వరి, అంటే ఎండాకాలపు పంట, మడి నిండా నీళ్లు. ఆయన పార తీసుకుని మడి ఒడ్డుకు రెండు పోట్లు వేశాడు. నీళ్లు బొడబొడమని మురుగు కాలువలోకి దూకాయి.

మా నలభై మందీ గట్టు అంచుకు ఉరికాం. "అయ్యో, నీళ్లు! నీళ్లు పోతున్నయి!" అని కేకలు. ఎవరు ముందు దిగారో తెలియదు, చూసేసరికి ఇద్దరు ఆ గండి దగ్గర బురదలో ఉన్నారు. ఒకరు మొండయ్య. ఇంకొకరు ఇస్త్రీ చేసిన తెల్ల ధోవతితో పురుషోత్తం రావు. ఇద్దరూ దోసిళ్లతో మట్టి తీసి గండిలో కుక్కుతున్నారు. "ఇటు పెట్టు! అరే, నీ కాలు అడ్డం పెట్టు!" అని దొరను మొండయ్య గదమాయిస్తున్నాడు. దొర కాలు అడ్డం పెట్టాడు. గండి పూడింది. ఇద్దరూ రొప్పుతూ లేచి, ఒకరి ముఖం ఒకరు చూసుకుని, అప్పుడు గుర్తుకొచ్చినట్టు చేతులు దులుపుకున్నారు.

సత్తిరాజు నడుం మీద చేతులు పెట్టుకుని కళ్లలో నీళ్లొచ్చేదాకా నవ్వాడు. మేమూ నవ్వాం. ఆరేళ్ల తరవాత దొర ముందు మా ఊరు నవ్వడం అదే, దొర కూడా కలిసి నవ్వడం పుట్టాక అదే.

"చూశారాండీ, ఇదేనండి మీ జబ్బు," అన్నాడు సత్తిరాజు. మళ్లీ పార తీసి గండి కొట్టాడు. ఈసారి ఎవరూ దిగలేదు. "నీళ్లు పెట్టడం ఎవడైనా చేస్తాడండి. పంపడం తెలియాల. చుట్టం వచ్చాడంటే అన్నం పెడతాం, ఆనక సాగనంపుతాం. సాగనంపకపోతే చుట్టానికీ సుఖం లేదు, మనకీ లేదు. సరే గాని, మీ ఊళ్లో నీళ్లు పోయే దారి ఎక్కడండీ?"

 మొండయ్య మోకాళ్ల దాకా బురదతో నిలబడి దొర వైపు చూశాడు.

"ఉండె. ఒర్రె ఉండె," అన్నాడు. ఒర్రె అంటే మాకు చిన్న వాగు. "కాలువ కింది నుంచి పెద్దవాగు దాకా పారుతుండె."

దొర తల వంచుకుని చేతి బురద తుడుచుకున్నాడు. తరవాత, "మా నాయిన పూడిపిచ్చిండు. మడులు గలుస్తయని," అన్నాడు.

"పూడిసింది మా నాయిన. ఎట్టికి," అన్నాడు మొండయ్య.

ఎట్టి అంటే కూలి లేని చాకిరి. ఆ మాటను మొండయ్య గొంతు పెంచకుండా అన్నాడు.  సత్తిరాజు మా అందరి ముఖాలూ చూసి, ఇంకేదీ అడగకుండా మమ్మల్ని భోజనాలకు తీసుకుపోయాడు. తిరుగు ప్రయాణంలో ముందు సీటులో దొర పక్కన మొండయ్య కూర్చున్నాడు. ఏం మాట్లాడుకున్నారో నాకు తెలియదు. చేతులతో గాలిలో వంకరటింకర గీతలు గీసుకోవడం మాత్రం చూశాను.

ఊరికి వచ్చాక గాని అసలు చిక్కు తెలియలేదు. నా పొలం బతకాలంటే ఆ పాత ఒర్రెను మళ్లీ తవ్వాలి. ఒర్రె దొర ముప్పై ఎకరాల నడుమ నుంచి పోవాలి. ఆ భూమిలో ఎవరూ పార పెట్టొద్దని ఊరి తీర్మానం. కాముని పున్నం మరునాడు మొండయ్య వాకిట్లో ఊరు కూర్చుంది. దొర తవ్వుకొమ్మని చెప్పి పంపాడని మొండయ్య చెప్పగానే గోల మొదలైంది.

"దొర భూమిల ఉట్టిగ తవ్వితే అది ఎట్టి గాదా? అప్పుడు పూడిసినం, ఇప్పుడు తవ్వాల్నా?" అన్నాడొకడు. తప్పు పట్టడానికి లేదు. వాళ్ల తాతల వీపులకు తెలుసు ఆ బాధ.

నేను లేచాను. అంతమంది మగవాళ్ల ముందు అంతకుముందెప్పుడూ నోరు విప్పలేదు. "ఆ ఒర్రె దొరకోసం కాదు, నా కోసం. నా ఎనుక ఇంకా ముప్పై ఇండ్ల దాక ఉన్నయి. వానకాలం నాటికి నీళ్లు పోకపోతే నా పొలం ఇటుకబట్టీకి పోతది. మీరు అద్దంటే నేనే తవ్వుత. ఎన్నేండ్లు పడితే అన్నేండ్లు," అన్నాను.  

మొండయ్య చుట్ట పక్కన పెట్టాడు. "ఒక్క తీరు చేస్తె ఎట్టి కాదు. ఒర్రె ఎవలెవల పొలానికి అక్కరకస్తదో ఆ ఇంటికొక మనిషి దిగాలె. అందరికి ఒక్కటే లెక్క. దొర ఇంటి నుంచి గూడ ఒక మనిషి."

"దొర ఇంట్ల పనిమనుషులెక్కడున్నరు? దొర, దొరసాని తప్ప?" అన్నారెవరో.

"గదే మరి," అన్నాడు మొండయ్య.

కబురు వెళ్లింది. కాలువ నీళ్లు కట్టేసిన వారానికి, తెల్లవారుజామున మేం ముప్పై మందిమి పారలు, తట్టలతో పోయేసరికి పురుషోత్తం రావు తుంగలో నిలబడి ఉన్నాడు. కొత్త పార. పిడికి దుకాణం కాగితం ఇంకా అంటుకునే ఉంది.  ఆఫీసరు వచ్చి సున్నంతో గీత వేశాడు, తవ్వడం మొదలుపెట్టాం. మధ్యాహ్నానికి దొర అరచేతులు బొబ్బలెక్కాయి. మొండయ్య పోయి ఆయన చేతులు పట్టుకుని పిడి మీద సరిగ్గా పెట్టాడు. "పిసుకుడు కాదు రావుసాబ్, పట్టుకునుడు," అన్నాడు. ఆయన్ను ఏమని పిలవాలో ఆ రోజుతో తేలిపోయింది.

పదకొండో రోజు పోలీసు జీపు వచ్చింది. దొర బీట్లో ముప్పై మంది పారలతో ఉంటే రాక ఏం చేస్తుంది? ఎస్సై దిగి, ఏం మీటింగ్ ఇది, మొండయ్య ఎక్కడ అని అడిగాడు.  మొండయ్యను తీసుకుపోతే పని అక్కడితో ఆగిపోతుంది. ఆయన ఎప్పుడు తిరిగొస్తాడో, అసలు వస్తాడో రాడో. అప్పుడు దొర గుంతలోంచి పైకి వచ్చాడు. ఒంటినిండా మట్టి. ఎస్సై మొదట పోల్చుకోలేదు.

"మీటింగేంది? నా భూమిల నా పని నడుస్తుంది. వీళ్లందర్ని నేనే పిలిచిన. మీరు పోండ్రి," అన్నాడు.

జీపు దుమ్ము సద్దుమణిగింది. అప్పుడు మొండయ్య, "నీ భూమా?" అన్నాడు మెల్లగా.

"గది పోలీసోళ్లకు చెప్పిన మాట," అని దొర మళ్లీ గుంతలోకి దిగాడు.

ఆ భూమి ఎవరిదన్నది ఆ ఏడు తేలలేదు. ఆ తరవాత కూడా తేలికగా తేలలేదు. ఊళ్లో జీపులూ ఆగలేదు, ఏడుపులూ ఆగలేదు. నేను అబద్ధం చెప్పను. కానీ ఒర్రె మాత్రం ఇరవై రెండు రోజుల్లో పెద్దవాగును చేరింది. మొదటి మూడు రోజులు ఎర్రగా, తుప్పు వాసనతో కారింది. తరవాత తేట పడింది. నెల తిరిగేసరికి నా పొలం నెర్రెలిచ్చింది. పొలం నెర్రెలిస్తే ఏడ్చిన రైతులను చాలామందిని చూశాను. నవ్వినదాన్ని నేనొక్కదాన్నే అయి ఉంటాను. పరుగెత్తుకుంటూ ఇంటికి పోయి అత్తను రెక్క పట్టుకుని తీసుకొచ్చి చూపించాను. ఆమె వంగి నెర్రెలో వేలు పెట్టి, లోపల మట్టి గిల్లి, వాసన చూసింది. "ఇగ నారు పొయ్యి," అంది. అంతే అంది గాని, ఇంటికి పోయేదాకా కొంగుతో కళ్లు తుడుచుకుంటూనే ఉంది.

మిరుగు కార్తె దాటి మంచి వానలు పడ్డాయి. నాటు వేసిన రోజు కాలు పిక్క దాకా దిగి, కింద గట్టి నేలకు తగిలి ఆగింది. ఎంత హాయిగా ఉందో చెప్పలేను. ఇరవై రోజులకు వరి నల్లగా దుబ్బు కట్టింది. ఆ రోజు కాగితం తీసుకుని కూర్చుంటే ఏమని రాయాలా అన్న ఆలోచనే రాలేదు. అప్పటిదాకా నా పెనిమిటికి రాసిన ఏ ఉత్తరంలోనూ కాదు అన్న మాట రాసి ఎరుగను. 'నాట్లయినయి. పొలం అమ్మేది లేదు. కోరుట్ల పోయేది లేదు. నీకు కోపమొస్తే రానీ' అని రాసి, చదివితే భయమేస్తుందని మళ్లీ చదవకుండా అంటించి పోస్టు చేశాను.

జవాబు వచ్చేదాకా రోజులు ఎట్లా గడిచాయో ఆ దేవుడికి తెలుసు. పోస్టుమ్యాన్ సైకిలు గంట వింటే చేతిలో పని వదిలేసి వాకిట్లోకి ఉరికేదాన్ని. దుబాయి స్టాంపుతో కవరు వచ్చిన నాడు అత్త వాకిట్లో బియ్యం చెరుగుతూ ఉంది. చాట ఆపి, "సదువు," అంది. విప్పాను. ఇంటి మాట లేదు, అమ్మకం మాట లేదు, కోపం లేదు. కాగితమంతా ఖాళీగా ఉంది, నడుమ ఒక్క వాక్యం. గట్టిగా చదివాను.

'ఏం వడ్లు ఏసినవు?'